తమిళ సినిమా పరిణామం: పాటల పుస్తకం నుంచి ఆన్‌లైన్ వీడియో వరకు

పాఠ లక్ష్యాలు

ఈ పాఠం చదివిన తరువాత మీరు:
• తమిళ సినిమా చరిత్రలోని ప్రధాన దశలను గుర్తించగలరు.
• పాట, సంభాషణ, హాస్య సన్నివేశం సినిమా నుంచి విడివడి ప్రజల్లోకి వెళ్లిన తీరును వివరించగలరు.
• నేటి ఆన్‌లైన్ వీడియోలకు పాత మాధ్యమాలతో ఉన్న సంబంధాన్ని చర్చించగలరు.
• వీక్షణల సంఖ్యను చారిత్రక ఆధారంగా ఎంతవరకు తీసుకోవచ్చో పరిశీలించగలరు.

1. ఉపోద్ఘాతం

తమిళంలో తొలి టాకీ 'కాళిదాస్' 1931 అక్టోబరు 31న మదరాసులోని కినిమా సెంట్రల్ థియేటర్‌లో విడుదలైంది. ఇవాళ మనం ఆ చిత్రాన్ని చూడాలనుకున్నా చూడలేం. దాని ప్రతి ఒక్కటి కూడా లభించడం లేదు. సరిగ్గా 80 ఏళ్ల తరువాత, 2011 నవంబరులో, 'వై దిస్ కొలవెరి డి' అనే పాట వీడియో యూట్యూబ్‌లోకి వచ్చింది. కొద్ది రోజుల్లోనే అది తమిళం తెలియనివారి నోళ్లలో కూడా నానింది. ఆ పాట ఉన్న '3' అనే చిత్రం మరుసటి సంవత్సరం విడుదలైంది. పాటను విన్నవారిలో చాలామంది ఆ చిత్రాన్ని చూడనేలేదు.

మొదటి సందర్భంలో సినిమా పోయింది. రెండవ సందర్భంలో సినిమా ఉన్నా, ప్రజలకు చేరింది అందులోని ఒక్క పాటే. ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి చూస్తే తమిళ సినిమా చరిత్రను అర్థం చేసుకోవడానికి ఒక దారి దొరుకుతుంది. తమిళ ప్రజలు సినిమాను థియేటర్‌లో కూర్చొని మూడు గంటలు చూసినదానికన్నా, దానిలోంచి విడివడిన ముక్కలను విన్నదీ, పాడుకున్నదీ, అనుకరించినదీ ఎక్కువ. పాటల పుస్తకం, గ్రామఫోను రికార్డు, రేడియో, క్యాసెట్, దూరదర్శన్, చివరికి యూట్యూబ్ ఈ ముక్కలను మోసుకుపోయిన వాహనాలు. అయితే ఈ ప్రయాణంలో ఒక నష్టం కూడా ఉంది. ముక్క ఎంత దూరం పోతే దాన్ని తయారుచేసినవారి పేరు అంత వెనకబడిపోతుంది. ఈ పాఠంలో ఈ రెండు విషయాలనూ కాలక్రమంలో పరిశీలిద్దాం.

2. మూగ చిత్రాల దశ

తిరుచిరాపల్లిలో రైల్వే ఉద్యోగిగా ఉన్న సామికణ్ణు విన్సెంట్ 1905లో ఒక ఫ్రెంచి ప్రదర్శకుని వద్ద ప్రొజెక్టరు, కొన్ని ఫిలిం చుట్టలు కొని, డేరా వేసి ఊరూరా బొమ్మలు చూపించాడు. తరువాత కోయంబత్తూరులో వెరైటీ హాల్ అనే శాశ్వత థియేటర్‌ను కట్టాడు. మదరాసులో ఇదే పనిని చేపట్టినవాడు బందరుకు చెందిన ఫోటోగ్రాఫర్ రఘుపతి వెంకయ్య. ఆయన నిర్మించిన గెయిటీ థియేటర్ దక్షిణాదిన భారతీయుల యాజమాన్యంలో వెలసిన తొలి థియేటర్లలో ఒకటి. తమిళ, తెలుగు సినిమాల ఆరంభ చరిత్ర ఒకే నగరంలో, ఒకే వీధుల్లో సాగిందనడానికి ఇది నిదర్శనం.

మోటారు విడిభాగాల వ్యాపారి ఆర్. నటరాజ మొదలియార్ 1917-18 ప్రాంతంలో తీసిన 'కీచకవధం' దక్షిణ భారతదేశంలో నిర్మించిన తొలి కథాచిత్రంగా గుర్తింపు పొందింది. అది కూడా ఇప్పుడు లేదు. ఆనాటి ఫిలిం నైట్రేట్‌తో తయారయ్యేది. దానికి నిప్పు సులభంగా అంటుకునేది, కాలం గడిచేకొద్దీ పొడిపొడిగా రాలిపోయేది. పాత చుట్టలను కరిగించి అందులోని వెండిని తీసి అమ్ముకోవడం కూడా మామూలే. సినిమాను దాచుకోవలసిన వస్తువుగా ఆనాడు ఎవరూ భావించలేదు. పూణేలో జాతీయ ఫిలిం ఆర్కైవ్ ఏర్పడింది 1964లో. అప్పటికే మూగ చిత్రాలలో అత్యధికం నశించాయి.

3. టాకీ, పాటల పుస్తకం

'కాళిదాస్' చిత్రాన్ని బొంబాయిలో అర్దెషిర్ ఇరానీ నిర్మించగా, 'భక్త ప్రహ్లాద' తీసిన హెచ్.ఎం. రెడ్డే దీనికీ దర్శకత్వం వహించారు. నాయిక టి.పి. రాజలక్ష్మి తమిళంలో మాట్లాడితే, నాయకుడు తెలుగులో మాట్లాడాడు. త్యాగరాజ కీర్తనలూ, గాంధీ రాట్నాన్ని కీర్తించే పాటా అందులో చోటు చేసుకున్నాయి. కథకూ ఆ పాటలకూ పొంతన లేకపోయినా ప్రేక్షకులు పట్టించుకోలేదు. ఇక్కడ ఒక విషయాన్ని గమనించండి. తొలి చిత్రంలోనే పాట కథ నుంచి విడిగా నిలబడగలిగింది.

దీనికి కారణం నాటకరంగంలో ఉంది. తొలి టాకీల్లో నటించినవారు నాటక సమాజాల నుంచి వచ్చినవారే. సంగీత నాటకంలో పాటే ప్రధానం. 1934లో వచ్చిన 'పవళక్కొడి'లో సుమారు 50 పాటలు ఉన్నాయి. ఆ చిత్రంతో పరిచయమైన ఎం.కె. త్యాగరాజ భాగవతార్ గాత్రంతోనే తమిళ సినిమాలో తొలి పెద్ద తార అయ్యారు. ఆయన నటించిన 'హరిదాస్' (1944) మదరాసు బ్రాడ్‌వే థియేటర్‌లో మూడు దీపావళులు చూసిందని చెబుతారు.

ఆ కాలంలో థియేటర్ వద్ద చిన్న పాటల పుస్తకం అమ్మేవారు. కథాసంగ్రహం, తారాగణం, పాటల సాహిత్యం అందులో ఉండేవి. చదువు వచ్చిన ఒక్కరు కొంటే ఇంటిల్లిపాదీ, వీధి వీధంతా ఆ పాటలు నేర్చుకునేవారు. సినిమా టిక్కెట్టు ఒక్కసారికే పనికొస్తుంది, పుస్తకం ఏళ్ల తరబడి ఉంటుంది. చిత్రాలు నశించిన చోట పరిశోధకులకు ఇప్పుడు మిగిలినవి ఈ పుస్తకాలూ, పత్రికా ప్రకటనలూ, గ్రామఫోను రికార్డులూ మాత్రమే. అప్పట్లో చిత్తుకాగితంగా చూసినదే నేటి ఆధారం అయింది.

1938లో వచ్చిన 'నందకుమార్'తో తమిళంలో నేపథ్యగానం మొదలైంది. నటునిదొక గొంతు, పాడేవారిదొక గొంతు అయ్యాయి. దీనితో పాట సినిమా నుంచి మరింత సులభంగా విడివడింది. హాస్యం కూడా ఇదే దారి పట్టింది. ఎన్.ఎస్. కృష్ణన్, టి.ఎ. మధురం దంపతులు తమ హాస్య సన్నివేశాలను విడిగా తయారుచేసుకొని ప్రధాన చిత్రంలో చేర్చేవారు. ఇవాళ ఆన్‌లైన్‌లో తిరిగే హాస్యపు తునకల మూలాలను ఇక్కడ వెతకవచ్చు.

4. సంభాషణ, రాజకీయం

స్వాతంత్ర్యానంతరం పాటతో పాటు సంభాషణకు ప్రాధాన్యం పెరిగింది. సి.ఎన్. అన్నాదురై రచించిన 'వేలైక్కారి' (1949), ఎం. కరుణానిధి సంభాషణలు రాసిన 'పరాశక్తి' (1952) ఈ మార్పుకు ప్రధాన ఉదాహరణలు. 'పరాశక్తి'లో శివాజీ గణేశన్ కోర్టులో చేసే సుదీర్ఘ ప్రసంగాన్ని యువకులు కంఠస్థం చేసి సభల్లో, కళాశాలల్లో అప్పజెప్పేవారు. ద్రావిడ ఉద్యమపు ఆలోచనలు కరపత్రాల ద్వారా చేరని చోటికి ఈ సంభాషణల ద్వారా చేరాయి. కథ గుర్తులేనివారికి సైతం ఆ మాటలు గుర్తుండేవి.

ఎం.జి. రామచంద్రన్ విషయంలో ఈ పాత్రను పాట నిర్వహించింది. పేదల పక్షాన నిలిచే నాయకునిగా ఆయనను చూపిన పాటలు ఎన్నికల సభల్లో లౌడ్‌స్పీకర్ల మీద మోగాయి. ఆయన 1977లో ముఖ్యమంత్రి అయ్యారు. సినిమా ప్రభావం వల్లనే అధికారం వచ్చిందని చెప్పడం అతిసరళీకరణ అవుతుంది. పార్టీ నిర్మాణం, అభిమాన సంఘాల జాలం, సంక్షేమ వాగ్దానాలు అంతే ముఖ్యమైనవి. అయితే సినిమా ముక్క ఒకటి థియేటర్ గోడలు దాటి రాజకీయ సాధనం కాగలదని ఈ దశ నిరూపించింది.

సంభాషణల రికార్డులకు కూడా గిరాకీ ఉండేది. 'తిరువిళయాడల్' (1965) సంభాషణలు పెళ్లిపందిళ్లలో, ఆలయ ఉత్సవాల్లో వినిపించేవి. 1984లో వచ్చిన 'విధి' కోర్టు సన్నివేశాల క్యాసెట్లు టీ దుకాణాల్లో మోగాయి. ఈ చిత్రం మన తెలుగు 'న్యాయం కావాలి'కి తమిళ రూపం.

మీ ప్రగతిని సరిచూసుకోండి – 1
(అ) తొలి టాకీలలో పాటలు ఎక్కువగా ఉండడానికి కారణమేమిటి?
(ఆ) పాటల పుస్తకం చరిత్రకారునికి ఎందుకు ముఖ్యం?

5. రేడియో, దూరదర్శన్, క్యాసెట్

1952లో ఆకాశవాణి సినిమా పాటల ప్రసారాన్ని బాగా తగ్గించింది. శ్రోతలు వెంటనే రేడియో సిలోన్ వైపు మళ్లారు. సముద్రానికి ఆవల ఉన్న కేంద్రం నుంచి తమిళ పాటలు తమిళ పల్లెలకు చేరాయి. 1957లో వివిధ్ భారతి ప్రారంభం కావడానికి ఇదొక ప్రధాన కారణం. ప్రజలు కోరుకునే ముక్కకు ఒక దారి మూస్తే అది మరో దారి వెతుక్కుంటుందన్నది ఇక్కడి పాఠం.

1975లో మదరాసు దూరదర్శన్ కేంద్రం ప్రారంభమైంది. శుక్రవారం సాయంత్రం వచ్చే 'ఒళియుం ఒలియుం' కార్యక్రమంలో సినిమా పాటలను దృశ్యంతో సహా చూపించేవారు. ఈ పేరుకు 'వెలుగూ ధ్వనీ' అని అర్థం. టీవీ ఉన్న ఇంటి ముందు వీధిలోని పిల్లలూ పెద్దలూ గుమిగూడేవారు. హైదరాబాదు కేంద్రం నుంచి వచ్చిన 'చిత్రలహరి'ని చూసిన మీ ఇంటి పెద్దలకు ఈ అనుభవం పరిచితమే. పాటను సినిమా నుంచి వేరుచేసి చూడడం అనే అలవాటు ఇక్కడ స్థిరపడింది. ఇప్పుడు మనం 'వీడియో సాంగ్' అంటున్నది దానికి కొనసాగింపే.

1976లో 'అన్నక్కిళి' చిత్రంతో ఇళయరాజా రంగప్రవేశం చేశారు. జానపద బాణీలు సినిమా సంగీతంలో కొత్తగా వినిపించాయి. మరుసటి ఏడాది భారతిరాజా '16 వయదినిలే'తో కెమెరాను స్టూడియో నుంచి నిజమైన పల్లెకు తీసుకుపోయారు. క్యాసెట్ అందుబాటులోకి వచ్చిన కాలం కూడా అదే. రికార్డు ప్లేయర్ కొనలేని కుటుంబం టేప్ రికార్డర్ కొనగలిగింది. వినేవారే తమకు నచ్చిన పాటల జాబితా రాసిచ్చి ఖాళీ క్యాసెట్‌లో నింపించుకునేవారు. కంపెనీ నిర్ణయించిన వరుసను శ్రోత మార్చుకోగలగడం ఇదే మొదలు. 1992లో 'రోజా'తో ఎ.ఆర్. రెహమాన్ పాటలు అనువాదాల ద్వారా దేశమంతటా వ్యాపించాయి. 1993లో సన్ టీవీ ప్రారంభంతో ప్రైవేటు చానళ్లలో పాటలూ హాస్యపు ముక్కలూ రోజంతా ప్రసారం కావడం మొదలైంది.

6. ఆన్‌లైన్ వీడియో దశ

'కొలవెరి' వీడియోలో నృత్యాలూ లేవు, విదేశీ దృశ్యాలూ లేవు. రికార్డింగ్ స్టూడియోలో ధనుష్ పాడుతుంటే పక్కన యువ సంగీత దర్శకుడు అనిరుధ్ ఉంటాడు. పాటలోని పదాలు తెరపై కనిపిస్తాయి. భాష తమిళం, ఇంగ్లీషు కలిసిన కళాశాల కుర్రకారు భాష. పాట ముందుగానే అనధికారికంగా బయటికి పొక్కడంతో ఈ వీడియోను విడుదల చేశారు. సినిమాకన్నా ముందు పాట, పాటకన్నా ముందు దాని తయారీ దృశ్యం అనే కొత్త వరుస ఇక్కడ కనిపిస్తుంది.

ఆ తరువాత 'లిరికల్ వీడియో' అనే రూపం స్థిరపడింది. తెరపై పాట పదాలు ఒక్కొక్కటిగా వస్తుంటాయి. వెనుక కొన్ని నిశ్చల చిత్రాలు ఉంటాయి. ఇది 1930ల నాటి పాటల పుస్తకమేనని గుర్తించడం కష్టం కాదు. చూసి నేర్చుకొని పాడుకోవడం అనే అవసరం అదే. మారింది కాగితం మాత్రమే. 2022లో 'బీస్ట్' చిత్రం నుంచి వచ్చిన 'అరబిక్ కుత్తు' ఈ రూపంలోనే మొదట వ్యాపించింది.

'మారి 2' (2018) చిత్రంలోని 'రౌడీ బేబీ' వీడియో 2020 నవంబరులో 100 కోట్ల వీక్షణలు దాటింది. దక్షిణాది పాటల్లో ఈ సంఖ్యను చేరిన మొదటిది అదే. యువన్ శంకర్ రాజా సంగీతం, ప్రభుదేవా నృత్య దర్శకత్వం, ధనుష్, సాయిపల్లవిల నాట్యం దాని ఆకర్షణ. ఇక్కడ కూడా చిత్రాన్ని పాట మించిపోయింది.

ఆన్‌లైన్ దశలో మూడు కొత్త మార్పులను ప్రత్యేకంగా గుర్తించాలి.

మొదటిది, సినిమాలోకి ప్రవేశ మార్గం మారింది. కలైజ్ఞర్ టీవీలో 'నాళయ ఇయక్కునర్' అనే లఘుచిత్రాల పోటీ జరిగేది. 'రేపటి దర్శకుడు' అని దాని అర్థం. అందులో పాల్గొన్న కార్తీక్ సుబ్బరాజ్, నలన్ కుమారసామి, బాలాజీ మోహన్ తరువాత దర్శకులయ్యారు. బాలాజీ మోహన్ లఘుచిత్రం యూట్యూబ్‌లో ఆదరణ పొంది, 2012లో పూర్తి నిడివి చిత్రంగా మారింది. తెలుగులో అదే 'లవ్ ఫెయిల్యూర్'. వెనకటి తరం ఏళ్ల తరబడి సహాయ దర్శకులుగా పనిచేసి సంపాదించిన అవకాశం, పది నిమిషాల చిత్రంతో కొందరికి లభించింది.

రెండవది, ప్రేక్షకుడు ముక్కను తానే కత్తిరించి కొత్త అర్థం ఇవ్వగలుగుతున్నాడు. 2019 మే నెలలో ఒక విదేశీ ఫేస్‌బుక్ పేజీలో సుత్తి బొమ్మ పెట్టి దీన్ని మీ దేశంలో ఏమంటారని అడిగారు. ఒక తమిళుడు, ఈ సుత్తి పడి కాంట్రాక్టర్ నేసమణి తల పగిలిందని సరదాగా జవాబిచ్చాడు. నేసమణి 2001 నాటి 'ఫ్రెండ్స్' చిత్రంలో వడివేలు పోషించిన పాత్ర. ఆయన కోలుకోవాలని ప్రార్థించే సందేశాలు ప్రపంచమంతటా తిరిగాయి. ఉమ్మడి జ్ఞాపకం లేని చోట ఈ హాస్యం పండదు. తమిళనాడు, శ్రీలంక, మలేసియా, గల్ఫ్ దేశాల్లోని తమిళులకు వడివేలు హాస్యం ఒక ఉమ్మడి భాష అయింది.

మూడవది, ఆన్‌లైన్ నుంచి సినిమాకు తిరుగు ప్రయాణం మొదలైంది. పుదుక్కోట్టై జిల్లా పల్లె నుంచి ఒక తాతా, ఆయన మనవళ్లూ నడిపే 'విలేజ్ కుకింగ్ చానల్' 2021లో కోటి మంది చందాదారులను చేరింది. మరుసటి ఏడాది కమల్ హాసన్ 'విక్రమ్' చిత్రంలో వారు వారిగానే కనిపించారు. కోవిడ్ కాలంలో 'పొన్‌మగళ్ వందాళ్' (2020), 'సూరరై పోట్రు' (2020), 'జై భీమ్' (2021) థియేటర్‌కు రాకుండా నేరుగా ఓటీటీలో విడుదల కావడం కూడా ఈ దశలోని ముఖ్య పరిణామమే.

7. వీక్షణల సంఖ్య ఆధారమా?

ఒకప్పుడు చిత్ర విజయాన్ని వంద రోజులు, రజతోత్సవం అని కొలిచేవారు. ఇప్పుడు కోట్ల వీక్షణలని కొలుస్తున్నారు. రెండు కొలతలనూ చరిత్ర విద్యార్థి జాగ్రత్తగా చూడాలి. వంద రోజుల షీల్డు కోసం ఖాళీ హాలులో చిత్రాన్ని నడిపించిన సందర్భాలు మన తెలుగు ప్రాంతంలోనూ చాలామందికి తెలుసు. అలాగే వీక్షణల సంఖ్య మనుషుల సంఖ్య కాదు. ఒకే వ్యక్తి వందసార్లు చూడవచ్చు. అభిమానులు రికార్డు కోసం పనిగట్టుకొని చూడవచ్చు. ప్రకటనగా చెల్లించి చూపించినవి కూడా లెక్కలోకి చేరేవి. 24 గంటల రికార్డుల లెక్కలో చెల్లింపు ప్రకటనల వీక్షణలను చేర్చబోమని యూట్యూబ్ 2019లో ప్రకటించవలసి వచ్చింది.

కాబట్టి పెద్ద సంఖ్యను చూసినప్పుడు మూడు ప్రశ్నలు వేయాలి: ఎవరు లెక్కించారు? దేన్ని లెక్కించారు? ఆ లెక్క పెరగడం వల్ల ఎవరికి లాభం?

8. ముక్క ప్రయాణించింది, పేరు?

2021 మార్చిలో 'ఎంజాయ్ ఎంజామీ' అనే పాట విడుదలైంది. ఇది సినిమా పాట కాదు. ధీ, అరివు పాడారు. సంతోష్ నారాయణన్ నిర్మాణం. ఎంజామీ అంటే 'నా సామీ' అని అర్థం. శ్రీలంక తేయాకు తోటల్లో చెమటోడ్చి, తిరిగివచ్చాక సెంటు భూమి లేకుండా మిగిలిన తన అవ్వ జీవితం నుంచి ఈ పాట పుట్టిందని అరివు చెప్పారు. 1964 నాటి భారత-శ్రీలంక ఒప్పందం కింద లక్షలాది తోట కార్మికులను భారతదేశానికి పంపించడానికి నిర్ణయించారన్నది మీరు చదివే ఉంటారు. పాఠ్యపుస్తకంలో ఒక్క వాక్యంగా ఉన్న ఆ చరిత్రను ఈ పాట కోట్లాది మందికి వినిపించింది.

అదే ఏడాది ఒక సంగీత పత్రిక ముఖచిత్రంలో అరివు కనిపించకపోవడం వివాదమైంది. 2022 జూలైలో చెన్నై చదరంగ ఒలింపియాడ్ ప్రారంభోత్సవంలో ఆయన లేకుండానే ఆ పాటను ప్రదర్శించారు. పాటను తాను కూర్చి, రాసి, పాడానని అరివు ప్రకటించారు. అది ఉమ్మడి కృషి అని సంతోష్ నారాయణన్ తన వాదన వినిపించారు. ఆ పాట ఆదాయం తమ చేతికి అందలేదని సంతోష్ నారాయణన్ 2024లో బహిరంగంగా చెప్పారు. ఇద్దరిలో ఎవరి వాదన సరైనదని తీర్పు చెప్పడం ఈ పాఠం ఉద్దేశం కాదు. అయితే భూమిలేనివారి శ్రమ గురించిన పాటలోనే శ్రమ ఎవరిదన్న ప్రశ్న తలెత్తడం గమనించదగినది.

ఈ ప్రశ్న కొత్తది కాదు. 'కాళిదాస్'కు పాటలు రాసిన మదురై భాస్కరదాస్ పేరు నేడు పరిశోధకులకే తెలుసు. ఆ చిత్ర నాయిక టి.పి. రాజలక్ష్మి 1936లో 'మిస్ కమల'కు దర్శకత్వం వహించి తొలి దక్షిణాది మహిళా దర్శకుల్లో ఒకరైనా, ఆ పేరు సామాన్య ప్రేక్షకులకు చేరలేదు. నైట్రేట్ ఫిలిం నశించినట్లే పేర్లు కూడా నశిస్తాయి. ఆన్‌లైన్‌లో ఉన్నంత మాత్రాన ఏదీ శాశ్వతం కాదు. ఒక సంస్థ తన చానల్‌ను మూసివేస్తే, హక్కుల వివాదం వస్తే, వీడియో మాయమవుతుంది. దాని కింద ప్రజలు రాసుకున్న వ్యాఖ్యలు కూడా దానితో పాటే పోతాయి.

9. సారాంశం

తమిళ సినిమా నాటకరంగం నుంచి పాటను, ద్రావిడ ఉద్యమం నుంచి సంభాషణను, జానపదం నుంచి బాణీని స్వీకరించింది. వీటిని ప్రతి తరం తనకు అందుబాటులో ఉన్న మాధ్యమం ద్వారా సినిమా నుంచి విడదీసి తనవిగా చేసుకుంది. యూట్యూబ్ ఈ అలవాటును సృష్టించలేదు, దాని వేగాన్నీ పరిధినీ పెంచింది. కొత్తగా వచ్చినవి ప్రేక్షకుడు తానే కత్తిరించి కూర్చగలగడం, బయటివారికి సినిమా తలుపు కొంత తెరుచుకోవడం. మారనిది, తయారుచేసినవారి పేరు వెనకబడిపోవడం. పాటల పుస్తకాన్ని దాచినవారి వల్ల 1930ల చరిత్ర మనకు మిగిలింది. నేటి ముక్కలను ఎవరు, ఎక్కడ, ఎవరి పేరుతో దాస్తున్నారన్న ప్రశ్నకు మన తరం సమాధానం చెప్పవలసి ఉంది.

10. అభ్యాసం

మీ ఇంట్లో లేదా వీధిలో 60 ఏళ్లు దాటిన ఒకరిని కలవండి. థియేటర్‌కు వెళ్లకుండానే వారికి కంఠస్థమైన ఒక సినిమా పాటను అడగండి. అది వారికి ఏ మాధ్యమం ద్వారా చేరింది, ఎక్కడ విన్నారు, రాసినవారి పేరు వారికి తెలుసా అన్న వివరాలు ఒక పేజీలో రాయండి. తేదీ, ఊరు తప్పక వేయండి. ఆ పేజీ కూడా రేపటికి ఒక ఆధారమే.

11. నమూనా పరీక్షా ప్రశ్నలు

అ. ఈ కింది ప్రశ్నలకు 30 పంక్తులలో సమాధానం రాయండి.
1. తమిళ సినిమా పాట థియేటర్ వెలుపల వ్యాపించిన తీరును దశలవారీగా వివరించండి.
2. 'యూట్యూబ్ పాత అలవాటుకు కొత్త రూపం'. ఈ అభిప్రాయాన్ని ఉదాహరణలతో చర్చించండి.

ఆ. ఈ కింది ప్రశ్నలకు 15 పంక్తులలో సమాధానం రాయండి.
1. వీక్షణల సంఖ్యను చారిత్రక ఆధారంగా స్వీకరించడంలోని ఇబ్బందులేవి?
2. 'పరాశక్తి' సంభాషణల ప్రాధాన్యాన్ని తెలపండి.
3. 'ఎంజాయ్ ఎంజామీ' వివాదం లేవనెత్తిన ప్రశ్నలను పేర్కొనండి.